పొట్లం కాగితం

న్యూఢిల్లీ
12 జనవరి 1975

అత్తయ్యకు విమల నమస్కారాలు.

ఇక్కడి చలికి వేళ్ళు కొంకర్లు పోతున్నాయి. అక్షరాలు వంకరగా ఉన్నాయని తిట్టకు. దిద్దించినదానివి నువ్వే కనుక సగం తప్పు నీదే.

మంచి వార్త చెబుదామని రాస్తున్నాను. హైదరాబాదు పత్రికల్లో, ప్రజాజీవితంలో స్త్రీలు చేసిన పని గురించి నేను రాస్తానన్న పుస్తకానికి మా సంస్థవాళ్ళు ఒప్పుకున్నారు. ఇది మహిళా సంవత్సరం కదా, డిసెంబరులోగా అచ్చు కావాలని మా ప్రొఫెసరు గారి పట్టుదల. ఇంగ్లీషులో ఒకటి, తెలుగులో ఒకటి. అది బయటికి వస్తే నా ఉద్యోగం కూడా ఖాయమవుతుంది. అందులో సగం మన లాల్‌దర్వాజా నుంచి వెలువడిన 'ముచికుంద' వారపత్రిక గురించే.

పోయిన వేసవిలో నేను రోజూ సుల్తాన్‌బజారు గ్రంథాలయానికి పోయి వస్తుంటే, "పాత కాగితాల్లో దుమ్ము తప్ప ఏముందే?" అని నవ్వేదానివి. ఏముందో చెప్పనా? అయిదుగురు ఆడవాళ్ళున్నారు. పోలీసు యాక్షన్ జరిగిన మరుసటి ఏడాది నుంచే ప్రతివారం 'స్త్రీల పుట' నింపుతూ వచ్చారు. కళావతి నిప్పు. సుశీలమ్మ పెద్దావిడ, ఆచారం గల మనిషి. విధవలు సినిమాకు పోవచ్చా కూడదా అని ఆ ఇద్దరూ వారాల తరబడి కొట్లాడుకున్నారు. కాశమ్మ కూలిపని చేసుకునే మనిషి, అచ్చంగా మన గల్లీ భాషలో రాసింది. ఇక నర్సు సుందరమ్మ, క్రైస్తవుల బడిలో పంతులమ్మ ఎలిజబెత్తమ్మ. ఇన్నాళ్ళూ వీళ్ళను ఎవరూ పట్టించుకోలేదు. చదువుతుంటే నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి.

ఆ పత్రిక ఆఫీసూ ప్రెస్సూ మన ఇంటి ముందరి గదుల్లోనే కిరాయికి ఉండేవట కదా. అప్పటికి నేను మరీ చిన్నదాన్ని. నువ్వు మధ్యగదిలో కూర్చుని దుకాణానికి పొట్లాలు కట్టడం తప్ప నాకేమీ గుర్తులేదు. వాళ్ళు వస్తూ పోతూ ఉంటే నువ్వు చూసే ఉంటావు. ఎలా ఉండేవాళ్ళు? ఏం మాట్లాడుకునేవాళ్ళు? తెలిసినంతా రాయి.

నీ విమల


లాల్‌దర్వాజా
25 జనవరి 1975

చిరంజీవి విమలకు అత్తయ్య దీవెనలు.

నీ ఉత్తరం చదివి నవ్వి నవ్వి పొలమారింది. మీ నాయన దుకాణంలోంచి తొంగిచూసి, "ఏందక్కా, గంతగనం నవ్వుతున్నవ్?" అన్నాడు. "పాత దోస్తులు ఐదుగురు దొరికిన్రు తమ్మీ" అన్నాను. వాడికి అర్థం కాలేదు, మళ్ళీ బెల్లం తూకంలో పడ్డాడు.

సుశీలమ్మ పెద్దావిడ అని ఎవరు చెప్పారు నీకు? అప్పటికి దానికి పాతికేళ్ళు కూడా లేవు. అత్తలను తెగ వెనకేసుకొచ్చేది గానీ, కాపురం చేసింది రెండేళ్ళే. కళావతికి ముక్కుమీద కోపం, ఆ ధ్యాసలో పప్పు మాడ్చేది. కాశమ్మ తట్ట మోసిన మనిషి కాదు. మోసేవాళ్ళు మన అరుగుమీద కూర్చుని నీళ్ళు తాగుతుంటే కిటికీ వెనక నిలబడి వినేది. అయిదుగురివీ తెల్లచీరలే. వాళ్ళు వస్తుంటే పోతుంటే నేను చూడలేదు. ఎవరూ బయటినుంచి వచ్చినవాళ్ళు కారు. చరిత్ర చదివినదానివి, కొంచెం ఆలోచించు.

ఒకటి అడుగుతాను, ఎగతాళి అనుకోకు. నీ పుస్తకంలో నా పేరు ఉంటుందా? ఏదో ఒక మూల, ఒక్క వాక్యం చాలు. అచ్చులో నా పేరు నేను ఒక్కసారే చూసుకున్నాను, పెళ్ళి శుభలేఖ మీద. దాన్ని లెక్కలోకి తీసుకోను.

అక్కడ చలికి అల్లం వేసి టీ తాగు.

మీ అత్తయ్య


న్యూఢిల్లీ
9 మార్చి 1975

అత్తయ్యకు విమల నమస్కారాలు.

నీ చమత్కారం ఎక్కడికీ పోలేదు. నీ ఉత్తరాన్ని మా ప్రొఫెసరు గారికి చదివి వినిపించాను, ఆయనా నవ్వారు. కానీ అత్తయ్యా, తెల్లచీరలూ మాడిన పప్పూ పుస్తకానికి పనికిరావు కదా.

నా అదృష్టం కొద్దీ 'ముచికుంద' సంపాదకులు వైకుంఠం గారు ఏదో సభకు ఢిల్లీ వచ్చారు. ఇప్పుడు చిక్కడపల్లిలో ఉంటున్నారట. ఎంత జ్ఞాపకశక్తి! కళావతి రిక్షాకు పరదా కట్టుకుని వచ్చేదట. సుశీలమ్మకు ఆయనే వ్యాసం ఎలా మొదలుపెట్టాలో నేర్పించారట. కాశమ్మకు చదువు రాదట, ఆవిడ చెబుతుంటే ఆయనే రాసుకునేవారట. "అప్పట్ల ఆడోళ్ళ చేత రాయించుడంటే మాటలా బిడ్డా?" అన్నారు. మూడు రోజులు ఆయన చెప్పింది టేపు చేసుకున్నాను. పుస్తకానికి ప్రాణం వచ్చింది.

నీ పేరు సంగతి. ఫైళ్ళన్నీ తిరగేశాను, నీ పేరు ఎక్కడా లేదు. పత్రికలో లేని పేరును చరిత్రలో ఎలా పెట్టను? అయినా చివర ధన్యవాదాల పేజీ ఉంటుంది. పోయిన వేసవిలో నాకు వండిపెట్టింది నువ్వే కదా, అక్కడ తప్పకుండా రాస్తాను.

విమల


లాల్‌దర్వాజా
20 మార్చి 1975

విమలకు,

దీవెనలు ఉత్తరం చివర ఇస్తాను, అప్పటికి కోపం తగ్గితే.

కాశమ్మకు చదువు రాదన్నాడా వైకుంఠం? సుశీలమ్మకు మొదలుపెట్టడం నేర్పించాడా? సరే, ఇక దాగుడుమూతలు వద్దు. నువ్వే కనిపెడతావని చూశాను. కనిపెట్టి పరుగెత్తుకొస్తావని కూడా అనుకున్నాను. నా పిచ్చి.

కళావతిని నేనే. సుశీలమ్మను నేనే. కాశమ్మ, సుందరమ్మ, ఎలిజబెత్తమ్మ, అందరూ నేనే. ఆ పుటలో ఒక్క వాక్యం కూడా వేరేవాళ్ళు రాయలేదు.

ఎట్లా జరిగిందో విను. మొగుడు పోయి పుట్టింటికి వచ్చాక నాకు దుకాణం పొట్లాలు కట్టే పని పెట్టారు. పాత పత్రికలు చింపి, చదివి, మడవడం. చదివీ చదివీ రాయాలనిపించింది. బాపును అడిగాను. మీ తాత కొట్టలేదు, తిట్టలేదు. త్రాసు కింద పెట్టి నెమ్మదిగా అన్నాడు: "బిడ్డా, నీ పేరు అచ్చుల పడితే రేపు గదే కాగితంల మనమే మిర్చి కట్టియ్యాలె. ఎవడో మిర్చిబజ్జి తిని దాంతోని చేతులు తుడ్సుకుంటడు. మన ఇంటి ఆడదాని పేరు గట్ల బజార్ల పడుడు నాకు వద్దు." కిరాణా కొట్టువాడికే వచ్చే భయం అది. అందరి పేర్లూ నా చేతులతో నేనే మడుస్తున్నాను, ఎట్లా కాదంటాను?

అందుకే వేరే పేరు పెట్టుకున్నాను. ప్రెస్సులో అక్షరాలు పేర్చే ఎల్లప్ప రోజూ జీలకర్రకు వచ్చేవాడు. నేను రాసిన కాగితంలోనే జీలకర్ర కట్టి ఇచ్చేదాన్ని. బాపు కళ్ళముందే పోయేది నా వ్యాసం. వైకుంఠానికి ఎల్లప్ప చెప్పాడు. ఒకరోజు వైకుంఠం కిరాయి ఇవ్వడానికి వచ్చి గోడ అవతల నిలబడి, "అమ్మా, ఒక్క పేరే ఏస్తే ఊళ్ళె ఒక్కతే ఉన్నదంటరు. ఇంకొన్ని పేర్లు పెట్టు" అన్నాడు. ఆయన నేర్పింది అంతే.

కొట్లాట సంగతి కూడా చెబుతాను. సినిమాకు పోవాలని కళావతి అన్నది నా కోరిక. కూడదని సుశీలమ్మ అన్నది మా అమ్మ మాట. నేను ఏ సినిమాకూ పోలేదు, సుశీలమ్మే గెలిచింది.

కాశమ్మ ఒకసారి లాల్‌దర్వాజా కిరాణా కొట్లో బియ్యంలో రాళ్ళు కలుపుతున్నారని రాసింది. ఆ కొట్టు మనదే. తిన్నింటి వాసాలు లెక్కపెట్టడమంటే అదే. ఆ రోజు అన్నం తింటూ బాపు, "గా కాశమ్మ ఎవతో గానీ, దాని నోట్ల మన్ను పడ!" అన్నాడు. "ఇంకొంచెం పప్పు ఏసుకో బాపూ" అన్నాను.

నాకు ధన్యవాదాలు వద్దు. ఒక్క వాక్యం రాయి: ఇవన్నీ లాల్‌దర్వాజా నాగమణమ్మ రాసింది. అంతే.

దీవెనలు.

అత్తయ్య


న్యూఢిల్లీ
2 ఏప్రిల్ 1975

అత్తయ్యా,

నీ ఉత్తరం చదివి ఆ రోజంతా సంస్థకు పోలేదు. కళావతి వ్యాసాలు మళ్ళీ తీసి చదివాను. "నోరు మూసుకుంటే మంచిదంటారు, మూసిన నోట్లో ఈగ దూరదు గాని ముద్ద కూడా పోదు" అన్న వాక్యం దగ్గర ఆగిపోయాను. ఆ మాట నువ్వు ఇంట్లో ఎన్నిసార్లు అనలేదు!

నేను నమ్ముతున్నాను. కానీ నేను నమ్మితే చాలదు. ఇప్పటికి అయిదు అధ్యాయాలు రాశాను, ఒక్కొక్కరికి ఒక్కొక్కటి. పాతబస్తీలో వేర్వేరు కులాల, మతాల స్త్రీలు ఒక పత్రిక చుట్టూ చేరారన్నదే నా వాదమంతా. అది తీసేస్తే పుస్తకం లేదు. దాన్ని మార్చాలంటే గట్టి ఆధారం కావాలి. నీ చేతిరాత ప్రతులు ఒకటో రెండో ఉన్నాయా? ఎల్లప్ప ఉన్నాడా? నాయన చెబుతాడా? వైకుంఠం గారు ఒక్క ముక్క రాసిచ్చినా చాలు. త్వరగా రాయి.

విమల


లాల్‌దర్వాజా
27 ఏప్రిల్ 1975

విమలకు దీవెనలు.

చేతిరాత ప్రతులు ఎక్కడివే? అచ్చు అయ్యాక మసి అంటి చెత్తబుట్టలోకి పోయేవి. ఎల్లప్ప పోయి చాలా ఏళ్ళయింది. అచ్చయిన పత్రికలంటావా, నువ్వు గ్రంథాలయంలో చూసినవి తప్ప మిగతావన్నీ మన దుకాణంలోనే పొట్లాలైపోయాయి. నేనే మడిచాను.

మీ నాయనను అడిగాను. ఆ రోజుల్లో నేను కట్టిన పొట్లం ఎల్లప్ప చేతిలో పెట్టింది వాడే. తల వంచుకుని అన్నాడు: "నువ్వే రాసినవ్ అక్కా, నాకెరుకే. కానీ గిప్పుడెందుకు లొల్లి? గా రాళ్ళ బియ్యం ముచ్చట కూడ బయటికొస్తది. బాపు లేడు, ఆయన ఇజ్జత్ తీస్తమా? గిరాకీ మొత్తం పక్క దుకాణానికి పోతది." విమల అడిగితే ఏం చెబుతావన్నాను. "నాకేం తెల్వదంట" అన్నాడు. నీకూ అదే రాశాడట కదా.

అక్కడితో ఊరుకోక చిక్కడపల్లి పోయాను. జీవితంలో మొదటిసారి ఒంటరిగా సిటీ బస్సెక్కి పోయాను. వైకుంఠం కుర్చీ వేయించి, మజ్జిగ ఇప్పించాడు. అబద్ధమాడలేదు, అదీ విచిత్రం. "నాగమణమ్మా, నువ్వే రాసినవ్, కాదంటలేను. కానీ ఏ సభకు పోయినా ఐదుగురు ఆడోళ్ళను తయారుజేసినోడని శాలువా కప్పుతున్నరు. ఒక్కదానితోని ఐదు ఏషాలు ఏయించిన్నంటే నవ్వరా? నీకు మాత్రం పోయిందేముంది? పేరొద్దన్నది మీ బాపు, నేను కాదు గదా."

 మజ్జిగ తాగకుండా వచ్చేశాను.

ఇక ఆధారమంటే నేనే. బతికే ఉన్నాను, ఇంకా రాయగలను. ఏ పేరుతో ఏ సంగతి చెప్పినా కళావతి లాగా ఇప్పుడే రాసి పంపుతాను. చూపించు మీ ప్రొఫెసరుకు.

అత్తయ్య


న్యూఢిల్లీ
14 జూలై 1975

అత్తయ్యకు నమస్కారాలు.

జవాబు ఆలస్యమైంది. ఇక్కడి పరిస్థితులు పేపర్లలో చూస్తూనే ఉన్నావు. అందరూ ఆచితూచి మాట్లాడుతున్నారు.

ప్రొఫెసరు గారితో వివరంగా చర్చించాను. ఆయన అభిప్రాయం ఏమిటంటే, ఎవరైనా ఒకరు పాత రచనలు చదివి అదే ధోరణిలో రాయగలరు, అది రుజువు కాదు. సంపాదకుల వాంగ్మూలం టేపులో ఉంది, మరొక పక్క కుటుంబ సభ్యురాలి మాట మాత్రమే ఉంది. పైగా ఆ సభ్యురాలు రచయిత్రికి మేనత్త కావడం వల్ల పుస్తకం విశ్వసనీయత దెబ్బతింటుంది. "అయిదుగురుంటే అది ఉద్యమం. ఒక్కతే ఉంటే అది మీ ఇంటి ముచ్చట" అన్నారు.

పుస్తకం అచ్చుకు పోయింది. ఉన్నది ఉన్నట్టే పోయింది. నన్ను అర్థం చేసుకుంటావని నా నమ్మకం. నువ్వు రాసిన మాటలే కదా జనం చదివేది. పేరు ఏదైతేనేం?

విమల


లాల్‌దర్వాజా
2 ఆగస్టు 1975

విమలకు,

గల్లీలో బోనాల డప్పు మోగుతోంది, ఇంట్లో చుట్టాలు. అయినా నీకు రాయకుండా ఉండలేకపోయాను.

పేరు ఏదైతేనేం అని నువ్వా అనేది? అట్టమీద నీ పేరు తీసి మీ ప్రొఫెసరు పేరు వేస్తే ఊరుకుంటావా? మీ తాత పేరొద్దన్నాడు, ఆయన బెల్లం అమ్ముకునేవాడు. వైకుంఠం పేరు మింగాడు, ఆయన మగవాడు. నువ్వు ఆడవాళ్ళ చరిత్ర రాస్తున్నావు.

ఒక్కతే ఉంటే ఇంటి ముచ్చట అన్నాడా ఆయన? ఇంత పెద్ద పాతబస్తీలో ఒక్కతే ఉంది విమలా. తోడు లేక అయిదుగురిని కల్పించుకుని తనలో తాను మాట్లాడుకుంది. నువ్వు రాయవలసింది అదే. అది రాయడానికి నీకు ధైర్యం చాలలేదు.

నాకు ఏడుపు వస్తోంది, దాచుకోను.

అత్తయ్య


లాల్‌దర్వాజా
22 డిసెంబరు 1975

విమలకు,

మన ఊళ్ళో జరిగిన నీ పుస్తకం సభకు వచ్చాను. నువ్వు పిలవలేదు, పేపరులో చూసి వచ్చాను. వెనక వరసలో, తలుపు దగ్గర కూర్చున్నాను. వేదిక మీద నీకు ఆ నీలం చీర బాగుంది. నువ్వు నన్ను చూశావు, చూసి కాగితాలు సర్దుకున్నావు.

వైకుంఠం బాగా మాట్లాడాడు. కళావతి గుర్తుగా శాలువా ఇస్తారంటే, ఆవిడ అక్కకొడుకునంటూ ఒక నడివయసు మనిషి లేచాడు. ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టుంది. "మా చిన్నమ్మ రాసుకుంట రాసుకుంటనే పాణం ఇడ్సింది" అని మైకులో ఏడ్చాడు. నా పక్కన కూర్చున్నామె కళ్ళు తుడుచుకుంది. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. నా చావు అంత బాగా చెబుతుంటే కొట్టకుండా ఎట్లా ఉండను?

సభ అయ్యాక మన ఇంటికి వస్తావని వంకాయ కూర చేసి పోయాను. రాత్రికి మీ నాయన, నేను తిన్నాం.

అత్తయ్య


న్యూఢిల్లీ
18 జనవరి 1976

అత్తయ్యకు నమస్కారాలు.

రైలుకు టైము లేక ఇంటికి రాలేకపోయాను, క్షమించు. విడిగా నాలుగు ప్రతులు పోస్టులో పంపాను. ధన్యవాదాల పేజీ చూడు, నిన్ను మరిచిపోలేదు. నా ఉద్యోగం ఖాయమైంది, నాయనకు చెప్పు.

ఒక మాట చెబుతాను, కోపగించుకోకు. జరిగినదానికి బాధపడే బదులు ఇప్పుడు రాయి. ఇప్పుడు తాతయ్య లేడు, అడ్డుపడేవాళ్ళూ లేరు. దినపత్రికలన్నీ ఆదివారం మహిళల పేజీ వేస్తున్నాయి. నీ సొంత పేరుతో రాసి పంపు. అప్పుడు ఎవరూ కాదనలేరు.

విమల


లాల్‌దర్వాజా
4 ఏప్రిల్ 1976

విమలకు దీవెనలు.

నువ్వు చెప్పినట్టే రాశాను. మా గల్లీ నల్లా దగ్గర బిందెలు పెట్టుకుని ఆడవాళ్ళు ఎదురుచూడడం గురించి. బావుంది, నాకు తెలుసు. కింద 'నాగమణమ్మ, లాల్‌దర్వాజా' అని పెట్టి చాలాసేపు దాన్నే చూస్తూ కూర్చున్నాను. ఒక దినపత్రిక మహిళల పేజీకి పంపాను.

నిన్న తిరిగి వచ్చింది. ఆ పేజీ చూసే అమ్మాయి మర్యాదగానే రాసింది. "మీ రచనలో 'ముచికుంద' కళావతి గారి అనుకరణ స్పష్టంగా కనిపిస్తోంది. విమలాదేవి గారి పుస్తకం చదివి ప్రభావితులైనట్టున్నారు. అనుకరణ మాని మీ సొంత గొంతుతో రాయగలరు." ఆ అమ్మాయి మీద నాకు కోపం లేదు. బుద్ధిగా నీ పుస్తకం చదివింది.

నువ్వు పంపిన ప్రతులు అందాయి. ఒకటి మీ నాయన దుకాణంలో లక్ష్మీదేవి పటం పక్కన పెట్టి, వచ్చినవాళ్ళకల్లా "మా బిడ్డ రాసింది" అని చూపిస్తున్నాడు. మిగతా మూడు నా దగ్గర ఉన్నాయి. ఈ వారం దుకాణంలో పాత కాగితాలు అయిపోయాయి. బాపు మాట గుర్తొచ్చి, చింపే ముందు నా పేరు ఎక్కడైనా ఉందేమోనని పేజీ పేజీ వెతికాను. ధన్యవాదాల పేజీలో "ఆతిథ్యమిచ్చిన మా మేనత్తకు" అని ఉంది. పేరు లేదు. ఆ ఫికరు తీరింది.

నీ పేరు మాత్రం అట్టమీద ఉంది, లోపలి మొదటి పేజీలోనూ ఉంది. మూడింటిలోనూ ఆ రెండూ జాగ్రత్తగా చించి నా ట్రంకుపెట్టెలో చీరల అడుగున దాచాను. ఎంతైనా మన ఇంటి ఆడపిల్ల పేరు, పొట్లాలకు పోకూడదు.

మిగతాదంతా మధ్యగదిలో కూర్చుని జీలకర్రకు మడిచాను. కాగితం మందంగా ఉంది, మడత బాగా నిలుస్తోంది.

నాగమణమ్మ